పండితుడి బుర్ర కొలత

ఆ మ్యూజియంలో అందరూ ఆమెను బుర్రల మేడమ్ అనేవారు. ఎదురుగా కాదు, వెనకాల. ఆ సంగతి ఆమెకు తెలుసు, తెలిసి లోలోపల మురిసిపోయేది కూడా. ఏడు కోట్ల ఏళ్ళ కిందట చచ్చిపోయిన జంతువు చురుకైనదో మొద్దుదో చెప్పగలగడమంటే మాటలా? పక్కింటాయనకు బుర్ర ఉందో లేదో పదేళ్ళు గోడ పంచుకున్నా మనం తేల్చుకోలేం.

మెదడు మెత్తని సరుకు, జంతువు పోయిన కొద్ది రోజులకే కుళ్ళిపోతుంది. రాయిగా మారి మిగిలేది అది కూర్చున్న గది మాత్రమే, అంటే కపాలంలోని ఖాళీ. పూర్వం ఆ ఖాళీలో రబ్బరు పోసి అచ్చు తీసి, అచ్చును నీళ్ళలో ముంచి, ఎన్ని నీళ్ళు పొర్లాయో చూసేవారు. ఇప్పుడు స్కాన్ తీస్తే కంప్యూటరే లెక్కగట్టి చెబుతుంది. చెప్పినా ఆ ఖాళీ అంతా మెదడే అనుకోవడానికి లేదు. ముసలి మొసలి తలలో మెదడుతో సగం గది కూడా నిండదు, పక్షి తలలో గోడలకు ఆనుకుని ఉంటుంది. డైనోసార్‌ది ఈ ఇద్దరిలో ఎవరి పోలికో ఒక నిర్ణయానికి రావాలి. ఆ పైన తొడ ఎముక చుట్టుకొలత పట్టుకుని ఒంటి బరువు అంచనా వేయాలి, ఎందుకంటే కోడంత ఒంటికి గుప్పెడు మెదడు వేరు, ఏనుగంత ఒంటికి గుప్పెడు మెదడు వేరు. ఇంత గింజుకున్నా చివరికి తేలేది అంచనాయే. ఈ ముక్క ఆమె ప్రతి ఉపన్యాసంలోనూ చెప్పేది. వినేవాళ్ళు ఆ ఒక్క ముక్క మాత్రం రాసుకునేవారు కాదు, రాసుకోమని ఆమె పట్టుబట్టేదీ కాదు.

ఆమెకు పేరు తెచ్చిపెట్టిన జంతువు మనిషి నడుమెత్తున ఉండి రెండు కాళ్ళ మీద పరిగెత్తేది. దాని కపాలానికి మ్యూజియం వాళ్ళు పెట్టిన ముద్దుపేరు పండితుడు. పదకొండేళ్ళ కిందట దాని మెదడు గదిని స్కాన్ తీయించి, నలభై నాలుగు మిల్లీలీటర్లని లెక్క తేల్చి, నలభై కిలోల ఒంటికి ఇది అసామాన్యమని ఆమె పత్రికకు రాసింది. అంత మెదడుంటే కాకిలా ఉపాయాలు పన్ని ఉండేదని ఒక విలేకరితో అంది. అంతే, పండితుడు పిల్లల పుస్తకాలకెక్కాడు, చొక్కాల మీదికెక్కాడు. ఆమె కిటికీ ఉన్న గదికి ఎక్కింది.

నేలమాళిగలో, ఆ కిటికీ గదికి కొలిచినట్టు సరిగ్గా కింద, మేస్త్రీ ఉండేవాడు. మేస్త్రీ అంటే ఇళ్ళు కట్టే మేస్త్రీ కాదు. రాతిలో ఇరుక్కుపోయిన ఎముకను పంటి డాక్టరు వాడేలాంటి సన్నని మరతో గీకి గీకి బయటికి తీసి, విరిగిన చోట అతికి, లేని చోట ప్లాస్టరుతో పూరించే మనిషి. చెట్టంత మనిషి, మోచేతుల దాకా తెల్లని దుమ్ము. ఆయన ఆమెకు సొంత బాబాయి.

మామూలు బాబాయి కూడా కాదు. ఆమె నాలుగో ఏట తండ్రి పోతే అన్న కూతుర్ని అరచేతుల్లో పెట్టుకుని పెంచినవాడు. బడికి సెలవిస్తే తన వెంట నేలమాళిగకు తెచ్చి, బల్ల కింద దుప్పటి పరిచి, చేతికొక ఎముక ముక్క ఇచ్చేవాడు. ఆమెకు ఈ పిచ్చి పట్టింది అక్కడే. మరి మ్యూజియంలో ఆ సంగతి ఎంతమందికి తెలుసంటారా? పాతవాళ్ళు ఇద్దరు ముగ్గురికి. ఉద్యోగంలో చేరిన మొదటి రోజు మెట్ల దగ్గర ఆయన ఎదురై, పక్కన నలుగురు ఉండటం చూసి, "నమస్తే మేడమ్" అన్నాడు. మేస్త్రీ కోటాలో వచ్చిందని ఎవరూ అనకూడదని ఆయన ఉద్దేశం. ఆమె కూడా "నమస్తే మేస్త్రీ గారూ" అంది. అదేమిటి బాబాయ్, మేడమేమిటి అని ఆ రోజే అని ఉండాల్సింది. అనలేదు. రెండో రోజు అనడానికి అప్పటికే ఆలస్యమైపోయింది. సాయంత్రం గేటు దాటాక మాత్రం ఆయన మళ్ళీ "అమ్మలూ" అనేవాడు, ఆమె మళ్ళీ "బాబాయ్, నువ్వు" అనేది. పదిహేనేళ్ళుగా ఆ గేటు దగ్గర ఇద్దరూ మాట మార్చుకుంటూనే ఉన్నారు.

ఆయన పని మానే నెల దగ్గరపడింది. పండితుడి కోసం కొత్త గది కడుతున్నారు. గోడ మీద ఇత్తడి పలక పెట్టి, కపాలాన్ని రాతిలోంచి తీసిన మనిషిగా ఆయన పేరు చెక్కిస్తామని డైరెక్టరు మాటిచ్చాడు. నలభై ఏళ్ళ పనిలో ఏ గోడ మీదా ఆయన పేరు లేదు. ఆయన పైకి "ఇప్పుడవన్నీ ఎందుకండీ" అన్నాడు గానీ, పిన్ని చెప్పిన దాన్నిబట్టి ఆ పలక ఎంత వెడల్పుంటుందో ఇంట్లో టేపు పెట్టి గోడ మీద కొలిచి చూసుకున్నాడట.

ఇలా ఉండగా ఉత్తరం వచ్చింది. వేరే మ్యూజియంలో పనిచేసే ఒక అమ్మాయి రాసింది, ఎంతో మర్యాదగా. ఆ జాతిదే రెండో కపాలం వాళ్ళకు దొరికింది. మొదటి దాని కంటే మంచి స్థితిలో ఉంది, పైకప్పు ఎక్కడా చెదరలేదు, ఒంటి బరువూ మొదటి దానంతే. మెదడు గది మాత్రం ఇరవై ఏడు మిల్లీలీటర్లే వస్తోంది. మీ కపాలానికి వెనకవైపు పైకప్పు అసలు ఎముకేనా, పూరించిందా, దయచేసి చూసి చెప్పగలరా అని అడిగింది.

ఉత్తరం చదివి బుర్రల మేడమ్ గుండెల్లో రాయి పడింది. నలభై నాలుగెక్కడ, ఇరవై ఏడెక్కడ! కాకి స్థాయి నుంచి పండితుడు ఒక్క దెబ్బతో మామూలు జంతువుల వరుసలోకి జారిపోతాడు. పోతే పోనీ, అతగాడికి సిగ్గా ఎగ్గా. జారేది ఆమె.

ఉత్తరం నకలు అందిన డైరెక్టరు కంగారు మనిషి. పండితుడి పెట్టె తెప్పించి చూశాడు. ఆ మ్యూజియంలో ఒక పద్ధతి ఉంది. ప్రతి నమూనాకూ ఒక మందపాటి కార్డు దారంతో కట్టి ఉంటుంది, ఎక్కడ అతికించారో ఎక్కడ పూరించారో మేస్త్రీ దాని మీద రాయాలి. పండితుడి పెట్టెలో దారం ఉంది, కార్డు లేదు. డైరెక్టరుకు ప్రాణం లేచొచ్చింది. పూరించి ఉంటాడు, రాయడం మరిచిపోయి ఉంటాడు, అలాగైతే కొలిచినవాళ్ళ తప్పేముంది, అంతే కదా మేడమ్ అని అడిగాడు.

"కావచ్చు" అంది ఆమె.

ఆ ఒక్క మాట నోట్లోంచి జారాక మళ్ళీ లోపలికి రాలేదు. గురువారం పదకొండు గంటలకు మేస్త్రీని పిలిచి అడుగుదామని డైరెక్టరు కాగితం మీద రాసుకున్నాడు.

కార్డు ఎక్కడుందో ఆమెకు తెలియదని చెప్పడానికి లేదు. బుధవారం మధ్యాహ్నం తలుపు గడియ పెట్టుకుని, పాత కాగితాల పెట్టె కిందికి దించి, మూడో కట్టలో చెయ్యి పెట్టింది. చెయ్యి తిన్నగా దాని మీదికే వెళ్ళింది. ఒకవైపు ఆమె చేతిరాతలో పెద్దగా 44 అనే అంకె, దాని చుట్టూ సంబరంగా రెండుసార్లు గీసిన సున్నా. ఆమె పేరు ప్రతిష్ఠలన్నీ పుట్టిన అంకె. రెండోవైపు బాబాయి గుండ్రటి అక్షరాలు. "వెనక పైకప్పు ఎముక దొరకలేదు. నేను పూరించాను. ఎత్తు అందాజుగా పెట్టాను. చూపుకే గాని కొలతకు పనికిరాదు."

ఆ రోజు ఆమెకు బాగానే గుర్తుంది. కపాలం స్కాన్‌కు వెళ్ళింది, పెట్టెతో పాటు పంపితే కార్డు ఎక్కడ పడిపోతుందోనని ఆయనే దారం విప్పి, మెట్లెక్కి పైకి తెచ్చాడు. గదిలో పెద్దవాళ్ళు ముగ్గురు కూర్చుని ఉన్నారు, ఆమెను పై పదవికి తీసుకోవాలో వద్దో తేల్చేవాళ్ళు. ఆయన గుమ్మంలో నిలబడి, "మేడమ్, ఒక్క మాట" అన్నాడు. తర్వాత రమ్మంది. ఆయన కార్డు బల్ల మూల పెట్టి వెనుదిరిగాడు. వచ్చినవాళ్ళలో ఒకాయన ఎవరని అడిగాడు.

"కింద పనిచేసే మనిషండీ" అంది ఆమె.

బాబాయి ఇంకా గుమ్మం దాటలేదు. వీపు మాత్రం కనిపించింది. మర్నాడు స్కాన్ దగ్గర్నుంచి ఫోను వచ్చి అవతలివాడు అంకె చెబుతుంటే చేతికందిన కార్డు తిరగేసి దాని మీద రాసుకుంది. హడావిడిలో ముందువైపు చదవనే లేదు. బుధవారం మధ్యాహ్నం పెట్టె ముందు చతికిలబడి తనకు తాను ఇదే చెప్పుకుంది, చదవలేదు, చదవనే లేదు అని. తర్వాత కార్డును చేతిసంచిలో పెట్టుకుంది. చింపేయడానికా, చూపించడానికా అంటే ఆ క్షణాన ఆమెకే తెలియదు.

గురువారం మేస్త్రీ చేతులు శుభ్రంగా కడుక్కుని వచ్చాడు. గోళ్ళ సందుల్లో తెలుపు మాత్రం పోలేదు. కుర్చీ అంచున కూర్చున్నాడు. డైరెక్టరు, ఆఫీసు గుమాస్తా, ఆయన, ఆమె, నలుగురే. పూరించిన మాట నిజమేనని ఆయన వెంటనే ఒప్పుకున్నాడు. మరి స్కాన్‌లో ప్లాస్టరు కనబడలేదేమని డైరెక్టరు అడిగాడు. మేస్త్రీకి హుషారు వచ్చింది. కపాలం గీకేటప్పుడు రాలిన ఎముక పొట్టును పారేయకుండా నూరి, గుడ్డలో జల్లించి, ప్లాస్టరులో కలుపుతాడట. అప్పుడు రంగు అతికినట్టు కలుస్తుంది. స్కాన్ మరకు కూడా అది ఎముకలాగే కనబడి ఉంటుందన్నాడు. ఆ మాట అంటూ కాస్త నవ్వాడు, తన చేతిపని అంత పెద్ద మరను బోల్తా కొట్టించిందని గర్వం కాబోలు. గదిలో ఎవరూ నవ్వకపోయేసరికి ఆ నవ్వు మధ్యలోనే ఆగింది.

"ఆ సంగతి కార్డు మీద రాశారా మేస్త్రీ?" అన్నాడు డైరెక్టరు.

ఆయన ఒక్కసారి ఆమె వైపు చూశాడు. ఆమె చేతిసంచి ఒళ్ళో ఉంది, సంచిలో కార్డు ఉంది. ఆమె పెన్ను మూత తీసింది, పెట్టింది, మళ్ళీ తీసింది. తల ఎత్తలేదు.

"లేదండీ" అన్నాడాయన. "మరిచిపోయాను."

గుమాస్తా రాసుకున్నాడు. ఇలాంటి పరిస్థితుల్లో ఆ ఇత్తడి పలక సంగతి కాస్త ఆలోచించాల్సి వస్తుందని డైరెక్టరు నసిగాడు. మేస్త్రీ దానికేముందండీ అని లేచి, కుర్చీని బల్లకిందికి సర్ది మరీ వెళ్ళాడు. మొత్తం పదకొండు నిమిషాలు పట్టింది. జంతువుల తెలివి కొలిచే మనిషి, తన ఒళ్ళో ఉన్న సంచి తెరవడానికి చేతకాక కూర్చుండిపోయింది. నేను ఆ స్థానంలో ఉంటే తెరిచేవాణ్ణని చెప్పను గానీ, ఆమెను వెనకేసుకురావడానికి కూడా నాకు మాట దొరకడం లేదు.

మధ్యాహ్నం దాకా గదిలో కాలుగాలిన పిల్లిలా తిరిగి, చివరికి కిందికి దిగింది. ఆయన దీపం కింద వంగి ఏదో వెన్నుపూస గీకుతున్నాడు. మిగతా ఇద్దరు పనివాళ్ళు భోజనానికి వెళ్ళారు. ఆమె కార్డు తీసి బల్ల మీద పెట్టింది. ఆయన మర ఆపి, కళ్ళద్దాలు నుదుటి మీదికి తోసి, దాన్ని చూశాడు. ఆశ్చర్యపోలేదు.

ఆ అంకెను ఆమె బల్ల మీదే, ఆ రోజుల్లోనే చూశానన్నాడు. వారం తర్వాత మళ్ళీ పైకి వస్తే కార్డు తిరగబడి ఉంది, దాని మీద అంకె ఉంది. అడుగుదామనుకున్నాడు. గదిలో ఎవరో ఉన్నారు. తర్వాత పత్రికలో వచ్చేసింది, ఇంత చదువుకున్నది అన్నీ చూసుకునే రాసి ఉంటుందిలే అని ఊరుకున్నాడు.

"మరి పొద్దున అబద్ధమెందుకు చెప్పావ్ బాబాయ్?"

"నువ్వు పెన్ను మూత తిప్పుతున్నావు. చిన్నప్పుడు భయమేస్తే గౌను గుండీ అలాగే తిప్పేదానివి." మళ్ళీ మర చేతిలోకి తీసుకున్నాడు. "నాదేముంది అమ్మలూ, ఇంకో నెల. నీకు బోలెడు సర్వీసుంది. చదవలేదు, అంతేగా. పని ఒత్తిడిలో ఎవరికైనా జరుగుతుంది."

ఇక్కడితో అయిపోయేది. ఆయన తలుపు తెరిచి పెట్టాడు, ఆమె అందులోంచి నడిచి వెళ్ళిపోతే చాలు. కానీ ఆయన అంత నమ్మకంగా అనేసరికి ఆమె వెళ్ళలేకపోయింది.

"చదివాను బాబాయ్."

ఆయన చెయ్యి ఆగింది.

"ఆ ముగ్గురూ వెళ్ళిపోగానే చదివాను. మర్నాడు స్కాన్ అతను అంతా ఎముకే, ప్లాస్టరు ఎక్కడా లేదన్నాడు. మర చెప్పిందే నమ్మాను. నీకేం తెలుస్తుంది అనుకున్నాను. నిజం చెప్పాలంటే, నలభై నాలుగే కావాలనుకున్నాను."

ఆయన కార్డును వేలితో నెమ్మదిగా తిప్పాడు, తన రాతవైపు ఒకసారి, ఆమె అంకెవైపు ఒకసారి. తిట్టి ఉంటే బాగుండేదని ఆమెకు అనిపించింది. లెంపకాయ కొట్టినా బాగుండేది.

"చదివావా" అన్నాడు. "చదివితే, ఒక్కసారి కిందికొచ్చి అడగాల్సింది. ఎముక పొడి సంగతి చెప్పేవాణ్ణి. ఇరవై రెండు మెట్లే కదా."

కళ్ళద్దాలు కిందికి దించుకున్నాడు. మర చప్పుడు మళ్ళీ మొదలైంది. ఆమె ఆ ఇరవై రెండు మెట్లూ ఎలా ఎక్కిందో ఆమెకే తెలియాలి.

ఆదివారం ఎప్పటిలాగే బాబాయి ఇంటికి భోజనానికి వెళ్ళింది. వెళ్ళకుండా ఉండటానికి ముఖం చెల్లలేదు, వెళ్ళడానికీ చెల్లలేదు. కంచం ముందు కూర్చున్నాక ఆయన పిన్నితో, "మేడమ్ గారికి ఇంకాస్త కూర వెయ్యి" అన్నాడు. పిన్ని వేళాకోళమనుకుని నవ్వింది. ఆయన నవ్వలేదు. ఎగతాళి కూడా కాదది, ఆయన గొంతులో వెటకారం లేదు. ఇంతకాలం గేటు దగ్గర ఆగిపోయిన మాట ఇంట్లోకి వచ్చి కూర్చుంది, అంతే. ఆమెకు తల కొట్టేసినట్టయింది.

సోమవారం పొద్దున్నే డైరెక్టరు గదిలోకి వెళ్ళి కార్డు ఆయన ముందు పెట్టింది. ఆయన ముందువైపు చదివాడు, తిరగేశాడు, మొహం మాడ్చుకున్నాడు. ఇది దొరకలేదనుకుంటే అందరికీ మంచిది కదా మేడమ్ అని గొంతు తగ్గించి అడిగాడు. నాకు మంచిదండీ, అందరికీ కాదు అని ఆమె చెప్పింది. అదే పూట ఉత్తరం రాసిన అమ్మాయికి జవాబు, పత్రికకు సవరణ, రెండూ తయారుచేసి పంపింది. సవరణ అరపేజీ కూడా లేదు. కిటికీ ఉన్న గది సంగతి వచ్చే ఏడు చూద్దామన్నాడు డైరెక్టరు. అంటే ఖాళీ చేయాల్సిందేనని ఆమెకు తెలుసు.

పత్రిక వచ్చేసరికి బాబాయి పనిలో ఆఖరి వారం. అన్ని రోజులూ ఆయన పనిలోనూ మేడమే అన్నాడు, ఇంట్లోనూ మేడమే అన్నాడు. ఆమె పత్రిక పట్టుకుని కిందికి దిగేటప్పటికి నేలమాళిగలో ఇద్దరు పనివాళ్ళూ ఉన్నారు, పండితుడి పెట్టె కోసం వచ్చిన గుమాస్తా కూడా ఉన్నాడు. బాబాయి రెండు చేతులూ ప్లాస్టరు తొట్టెలో ఉన్నాయి. ఒకప్పుడైతే గుమ్మంలోనే ఆగిపోయి మేస్త్రీ గారూ ఒకసారి ఇలా వస్తారా అనేది.

"బాబాయ్" అంది. గుమాస్తా తలెత్తి చూశాడు. "సవరణ వచ్చింది. చదవనా?"

ఆయన తొట్టెలోంచి చేతులు తీయలేదు. "చదవండి" అన్నాడు.

ఆమె నిలబడే చదివింది. మొదట పండితుడి మెదడు గది నలభై నాలుగు కాదని, రెండో కపాలాన్నిబట్టి చూస్తే ఇరవై ఏడుకు దగ్గరగా ఉంటుందని. ఆ జంతువు కాకికి సాటి అని అప్పట్లో చెప్పిన మాట నిలవదని. తర్వాత చివరి వాక్యం.

"కపాలం పైకప్పు పూరించినదనీ, కొలతకు పనికిరాదనీ దాన్ని తయారుచేసిన మేస్త్రీ అప్పుడే కార్డు మీద స్పష్టంగా రాసి నాకు తెచ్చి ఇచ్చారు, ఆయన మా బాబాయి, నేను అది చదివి కూడా పక్కన పెట్టాను."

మర చప్పుళ్ళు ఆగిపోయాయి. పనివాళ్ళలో ఒకడు మేస్త్రీ వైపు, ఇంకొకడు ఆమె వైపు చూశారు. గుమాస్తా పెట్టె తాడు విప్పుతున్నవాడు విప్పుతూనే ఉండిపోయాడు. ఆమెకు చెవులు కాలిపోతున్నాయి. తల మాత్రం దించుకోలేదు, దించుకుంటే మళ్ళీ పెన్ను మూత తిప్పినట్టే అవుతుందని.

బాబాయి తొట్టెలో ప్లాస్టరును రెండు చేతులతో మెల్లగా కలుపుతూ ఉన్నాడు. ఆగితే అది గట్టిపడిపోతుంది.

"ఆ చివరి వాక్యం" అన్నాడు తలెత్తకుండా, "ఇంకోసారి చదువు, అమ్మలూ."

ఆమె ఆ వాక్యాన్ని మళ్ళీ మొదటి మాట నుంచి చదివింది.